గతం గొంతు వినాలంటే

గడిచిపోయిన మాటల్ని మళ్లీ వినిపించే యంత్రం ఒకటి చేతికొస్తే దాన్ని మొదట ఎక్కడ పెట్టాలి? హంపీలో అనీ, రాజమహేంద్రవరంలో నన్నయ భారతం వినిపించిన చోట అనీ చాలామంది చెబుతారు. నా ఓటు మాత్రం హైదరాబాదులోని యూసుఫ్‌గూడకి.

కృష్ణానగర్ సందుల మీదుగా అమీర్‌పేట వైపు నడుస్తూ ఎల్లారెడ్డిగూడలోని సారథి స్టూడియో దాకా వస్తే, ఆ దారి పొడవునా గొంతు మీద బతికే మనుషులు కనిపిస్తారు. డబ్బింగ్ చెప్పేవాళ్లు, కోరస్ పాడేవాళ్లు, గుంపులో కేకలు వేయడానికి పిలుపు కోసం చూసేవాళ్లు, ట్రాక్ పాడేవాళ్లు. ట్రాక్ అంటే తెలిసిందే. పేరున్న గాయకుడు వచ్చేదాకా పాట ఎలా ఉండబోతుందో చూపించడానికి మరొకరు పాడి పెడతారు. అసలు గొంతు రికార్డయ్యాక ఈ గొంతు తీసేస్తారు. టేపుల కాలంలోనైతే అదే టేపు మీద పాతది చెరిపి కొత్తది ఎక్కించడం మామూలే. అలా ఎన్ని పాటల వెనక ఎన్ని గొంతులు వచ్చి వెళ్లిపోయాయో! ఆ యంత్రమే ఉంటే రాజుల కొలువు కన్నా ముందు ఇక్కడివాళ్లని వినాలనిపిస్తుంది. రాజుల మాటకి శాసనాలైనా ఉన్నాయి.

ఇలాంటి యంత్రం గురించి కలగన్నవాళ్లు తక్కువేమీ కాదు. మన కథల్లో అది ఎప్పటినుంచో ఉంది. మధిర సుబ్బన్న దీక్షితులు రాసిన ‘కాశీమజిలీ కథలు’ గుర్తు చేసుకోండి. మణిసిద్ధుడి వెంట కాశీకి బయల్దేరిన గోపకుర్రాడు మజిలీ మజిలీలో ఏదో ఒక వింత చూసి, దీని వెనకటి సంగతేమిటని అడుగుతాడు. సిద్ధుడు తన దగ్గరున్న మణి మహిమతో జరిగిపోయినదంతా తెలుసుకుని కథగా చెబుతాడు. విక్రమార్కుడి సింహాసనం మెట్ల మీది సాలభంజికలదీ అదే పని. భోజుడు మెట్టెక్కబోయినప్పుడల్లా ఒక బొమ్మ నోరు విప్పి పాతకాలపు మాట చెబుతుంది. ఆ కథల్ని తెలుగులో ‘సింహాసన ద్వాత్రింశిక’గా రాసిన కొరవి గోపరాజు తెలంగాణ కవే. సింగీతం శ్రీనివాసరావు 1991లో తీసిన ‘ఆదిత్య 369’ కూడా ఈ వరసలోదే. కాలయంత్రం మనుషుల్నే శ్రీకృష్ణదేవరాయల కొలువుకి మోసుకెళ్లింది.

పడమటివాళ్ల కలలు ఇంకో దారిలో నడిచాయి. గణనయంత్రాలకి ఆద్యుడైన చార్లెస్ బాబేజ్ 1837లో ఒక పుస్తకంలో, మనిషి అన్న ప్రతి మాటా గాలి అణువుల కదలికలో ఎప్పటికీ నిలిచే ఉంటుందని రాశాడు. తగినంత లెక్క తెలిసిన బుద్ధి ఉంటే ఆ కదలికని వెనక్కి చదవవచ్చన్నది ఆయన వాదం. ఇటలీలో పెల్లెగ్రీనో ఎర్నెట్టి అనే క్రైస్తవ సన్యాసి, స్వయంగా ప్రాచీన సంగీతం చదివినవాడు, 1972లో మరో అడుగు ముందుకేశాడు. గతాన్ని చూపించి వినిపించే ‘క్రోనోవైజర్’ తన దగ్గర ఉందనీ, ఎప్పుడో పోయిన ఒక రోమన్ విషాదనాటకం ప్రదర్శనని దానితో విన్నాననీ ప్రకటించాడు. ఆయన చూపించిన క్రీస్తు ముఖం ఫోటో ఒక చెక్క శిల్పం బొమ్మేనని తేలాక ఆ ముచ్చట ముగిసింది. ఇంగ్లండు రచయిత జె.జి. బల్లార్డ్ 1960లో రాసిన కథలో గోడలు శబ్దాల్ని పీల్చుకుని ఉంచుకుంటాయి, వాటిని ఊడ్చి శుభ్రం చేసే పనివాళ్లుంటారు. ఈ కల్పనలన్నిటిలో నన్ను పట్టుకున్నది బల్లార్డ్ కథే. శబ్దం దాచుకోవడానికి ఒక చోటు కావాలని గుర్తించిన కల్పన అది.

బాబేజ్ ప్రశ్న మన శాస్త్రాలకి కొత్తది కాదు. శబ్దం నిత్యమా, అనిత్యమా అని మీమాంసకులూ నైయాయికులూ శతాబ్దాల పాటు వాదించుకున్నారు. వర్ణాలు ఎప్పుడూ ఉండేవే, నోరు వాటిని వ్యక్తం చేస్తుందంతే అన్నది మీమాంస పక్షం. శబ్దం పుడుతుంది, అలలాగా ఒకదాన్నుంచి మరొకటి పుడుతూ చెవిదాకా వచ్చి నశిస్తుంది అన్నది న్యాయ పక్షం. తెలుగువాడే అని చెప్పుకునే అన్నంభట్టు ‘తర్కసంగ్రహం’ చదివిన ప్రతి విద్యార్థికీ శబ్దం ఆకాశ గుణమన్న సంగతి మొదటి పాఠాల్లోనే వస్తుంది. వేదం నిత్యమని నిలబెట్టడానికి మీమాంసకుడికి నిత్యశబ్దం అవసరమైంది. భౌతికశాస్త్రం తీర్పు మాత్రం నైయాయికుడి వైపే వచ్చింది.

మామూలుగా మాట్లాడే మనిషి నోటినుంచి వెలువడే ధ్వనిశక్తి ఒక వాటులో లక్షో వంతు. ఆ కాస్తా గోడలకీ బట్టలకీ ఒంటికీ తగిలి, గాలిలో రాసుకుని వేడిగా మారిపోతుంది. మన ఇళ్లలోని గదిలో ఒక మాట మోత సెకను నిలవడమే కష్టం. ఆ తరవాత మిగిలేది గాలి అణువుల అడ్డదిడ్డపు కదలిక. అందులోంచి మాటని ఏరడం కుదరదు. హైదరాబాదులో ఈ విషయాన్ని చెవితోనే తెలుసుకోవచ్చు. గోల్కొండలో ఫతే దర్వాజా గుమ్మటం కింద చప్పట్లు కొడితే కిలోమీటరు దూరంలో, కొండ మీద బాలా హిసార్ దగ్గర వినిపిస్తాయి. ధ్వని సెకనుకి సుమారు 340 మీటర్లు పోతుంది గనక పైన నిలబడ్డవాడు వింటున్నది 3 సెకన్ల కిందటి చప్పట్లు. కుతుబ్‌షాహీల కట్టడం దాచిపెట్టగల గతం అంతవరకే. ఆ గోడల్లో అబుల్ హసన్ తానీషా మాటలు ఎక్కడా లేవు.

రేడియో తరంగాల మాటేమిటని అడిగేవాళ్లున్నారు. అంతరిక్షంలోకి వెళ్లిన ప్రసారం వెళుతూనే ఉంటుంది, నిజమే. కానీ దాన్ని పట్టుకోవాలంటే కాంతి కన్నా వేగంగా పరిగెత్తాలి. ఆ దారి మూసుకుపోయింది.

గాలి దాచదు సరే. గట్టి వస్తువులేవైనా అనుకోకుండా దాచి ఉంటాయా? ఈ ఆశ మీద ఒక చిన్న పరిశోధన శాఖే లేచింది. కుమ్మరి సారె మీద కుండ తిరుగుతుంటే పుల్లతో గీత గీస్తాడు. అదే సమయంలో పక్కన ఎవరో మాట్లాడితే ఆ కంపనం పుల్ల ద్వారా మట్టిలోకి దిగి ఉండదా, గ్రామఫోను పళ్లెంలోలాగా? అమెరికాకి చెందిన రిచర్డ్ వుడ్‌బ్రిడ్జ్ 1969లో ఐ.ఇ.ఇ.ఇ. పత్రికకి ఉత్తరం రాసి, తాను కుండల మీద పరీక్షించి శబ్దాలు రాబట్టానన్నాడు. స్వీడన్‌లో మెండెల్ క్లైనర్, పాల్ ఆస్త్రోమ్ 1993లో ఇదే ప్రశ్న మీద ప్రయోగాలతో వ్యాసం రాశారు. సంగారెడ్డి జిల్లా కొండాపూర్‌లో దొరికిన శాతవాహనుల కాలపు మట్టిపాత్రల ముందు నిలబడితే ఎవరికైనా ఈ ఊహ వస్తుంది. కానీ మెత్తటి మట్టి, మొద్దు పుల్ల, అదురుతున్న చెయ్యి, వీటి ముందు మనిషి గొంతు బలం చాలా తక్కువ. ఇంతవరకూ ఏ పాత కుండనుంచీ ఒక్క మనిషి మాట కూడా నిర్ధారణ కాలేదు. ఇకముందు అవుతుందని నేననుకోను.

నిజంగా జరిగిన అద్భుతం వేరే ఉంది. పారిస్‌లో అచ్చుపనివాడైన ఎడ్వార్ లియోన్ స్కాట్ 1857లో ఒక పరికరానికి పేటెంటు తీసుకున్నాడు. మసి పట్టించిన కాగితం మీద ఒక సన్నటి వెంట్రుక ధ్వని కంపనాన్ని గీతగా గీస్తుంది. తిరిగి వినిపించడం ఆయన ఉద్దేశం కానే కాదు, కంటితో చదవడమే. ఎడిసన్ ఫోనోగ్రాఫ్ 1877లో గాని రాలేదు. 2008లో అమెరికా పరిశోధకులు 1860 ఏప్రిల్ 9 నాటి ఆ మసి గీతని స్కాన్ చేసి, బర్క్‌లీ ప్రయోగశాల సాయంతో ధ్వనిగా మార్చారు. ఒక ఫ్రెంచి జానపద గీతం ముక్క వినిపించింది. ముందు అది ఆడపిల్ల గొంతనుకున్నారు. మరుసటి ఏడాది, తాము రెండింతల వేగంతో నడిపామని గ్రహించి తగ్గించారు. అప్పుడు మెల్లగా సాగదీసి పాడుతున్న మగగొంతు వచ్చింది, బహుశా స్కాట్‌దే.

వేగం ఒక్కటి తప్పితే మగవాడు ఆడపిల్లయ్యాడు. ఈ సంగతిని తెలుగు పద్యనాటకం అభిమానులు మనసులో పెట్టుకోవాలి. కపిలవాయి రామనాథశాస్త్రి వంటి రంగస్థల నటుల పద్యాలు గ్రామఫోను పళ్లేల మీద ఊరూరా తిరిగాయి. 78 అని పేరే గాని ఆ కాలపు పళ్లేలన్నీ కచ్చితంగా నిమిషానికి 78 చుట్లతో రికార్డు చేసినవి కావు. ఎవరో తమ దగ్గరున్న యంత్రం మీద తిప్పి, ఎక్కించిన ధ్వనే ఇప్పుడు మనకి దొరుకుతోంది. ఆ పద్యం ఏ శ్రుతిలో పాడారో సరిచూసుకోకుండా ‘ఆ రోజుల్లో గొంతులు ఎంత పైకి పోయేవో’ అని చెప్పుకుంటున్నాం. ఆ రోజుల హార్మోనియం శ్రుతి తెలిసినవాళ్లు ఒక్కో పళ్లెం వేగాన్నీ తేల్చే పని ఎవరైనా తలకెత్తుకోవాలి.

2014లో ఎం.ఐ.టి. పరిశోధకులు చేసి చూపించినది కల్పనకి మరీ దగ్గరగా వచ్చింది. గది బయట, అద్దం అవతల నుంచి ఒక చిప్స్ ప్యాకెట్‌ని వేగమైన కెమెరాతో తీసి, ఆ బొమ్మల్లో కంటికి కనిపించనంత అదురుని లెక్కగట్టి, గదిలో మాట్లాడిన మాటని తిరిగి రాబట్టారు. అయితే మన పాత మూకీలనుంచి మాటలు లాగవచ్చా? లాగలేం. మూకీ ఫిల్ము సెకనుకి 16 నుంచి 24 బొమ్మలే పట్టేది. గొంతు కంపనం సెకనుకి వందల సార్లు. మధ్యలోదంతా కెమెరా కంటికి అందకుండా పోయింది.

ఇక సారథి స్టూడియో దగ్గరికి తిరిగొద్దాం. చల్లపల్లి రాజా యార్లగడ్డ శివరామప్రసాద్ మద్రాసులో స్థాపించిన సారథి సంస్థ 1950లలో ఇక్కడ స్టూడియో కట్టింది. పూర్తిగా హైదరాబాదులోనే తీసిన తొలి తెలుగు చిత్రంగా చెప్పుకునే ‘మా ఇంటి మహాలక్ష్మి’ 1959లో వచ్చింది. ఆ కాలం సినిమా ప్రింటు అంచున, బొమ్మ పక్కనే, సన్నటి గీత ఒకటి నడుస్తూ ఉంటుంది. వెడల్పు పెరుగుతూ తగ్గుతూ ఉండే ఆ గీతే ధ్వని. దాని గుండా వెలుగు పంపితే అవతల ఫోటోసెల్ దాన్ని విద్యుత్తుగా, స్పీకరు మాటగా మారుస్తుంది. వెలుగుతో చదివే గొంతు! గతాన్ని వినిపించే యంత్రం ఎక్కడుందని వెతకనక్కరలేదు. ప్రతి పాత సినిమా హాలు ప్రొజెక్టరులోనూ అది ఉండేది.

ఆ యంత్రానికి పెట్టవలసిన ఫిల్మే దక్కలేదు. హెచ్.ఎం. రెడ్డి తీసిన మన తొలి పూర్తి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932 ఫిబ్రవరి 6న విడుదలైంది. లీలావతిగా సురభి కమలాబాయి పాడింది, మాట్లాడింది. నాటకరంగం నుంచి నేరుగా మైకు ముందుకొచ్చిన ఆ తొలి గొంతు ఆ సినిమాలో ఎలా ఉందో చెప్పడానికి ప్రింటు మిగల్లేదు. 1860 నాటి ఫ్రెంచి పాట ఇప్పుడు వినగలుగుతున్నాం, 1932 నాటి తెలుగు టాకీ వినలేకపోతున్నాం. ఇది శాస్త్రం చేతకానితనం కాదు. ఒక మసి కాగితాన్ని పారిస్ అకాడమీ పెట్టెలో భద్రంగా పెట్టింది, ఫిల్ము డబ్బాలు ఇక్కడ ఎవరికీ పట్టలేదు. నాకు దీని మీద కోపమే ఉంది.

ఇలా పోగొట్టుకున్నది మనం ఒక్కరమే కాదు. బి.బి.సి. తన పాత కార్యక్రమాల టేపుల్ని చెరిపి మళ్లీ వాడుకుంది. చంద్రుడి మీద తొలి అడుగు నాటి మూల టేపులు కూడా అలాగే చెరిగిపోయి ఉంటాయని నాసా 2009లో ఒప్పుకుంది. టేపు ఖరీదైన రోజుల్లో చాలా సంస్థలు చేసిన పనే అది. మన దగ్గర దక్కన్ రేడియో 1930లలో మొదలై, నిజాం ప్రభుత్వం చేతుల్లో నడిచి, 1950 ఏప్రిల్ 1న ఆకాశవాణిలో కలిసింది. ఉర్దూతో పాటు తెలుగు, కన్నడం, మరాఠీ వినిపించిన ఆ రేడియోలో ఎక్కువ భాగం నేరుగా మైకు ముందు మాట్లాడి గాలిలోకి వదిలినదే. రికార్డు కానిది పోగొట్టుకోవడం వేరు, రికార్డయినదాన్ని పోగొట్టుకోవడం వేరు. మొదటిది విధి. రెండోదానికి మనమే బాధ్యులం.

మామూలు మనిషి మాట రికార్డు చేయాలన్న ఆలోచన కూడా ఆ రోజుల్లో కొందరికి వచ్చింది. గ్రియర్సన్ భాషాసర్వే కోసం 1913–1929 మధ్య దేశభాషలెన్నిటినో గ్రామఫోను మీద పట్టారు. చాలా భాషల్లో బైబిల్లోని తప్పిపోయిన కుమారుడి కథ చెప్పించారు. షికాగో విశ్వవిద్యాలయం వాటిని డిజిటల్ రూపంలో అందరికీ అందుబాటులో పెట్టింది. శతాబ్దం కిందటి మన తాతల మాటతీరు వినడానికి అమెరికా గ్రంథాలయం తలుపు తట్టవలసి రావడం, ఆ తలుపు తెరిచే ఉండడం, రెండూ గుర్తుంచుకోదగ్గవే.

యంత్రాలకి ముందు కాలం సంగతి ఇంకా ఆసక్తికరం. తాళ్లపాక అన్నమయ్య (1408–1503) సంకీర్తనలు వేలకొద్దీ రాగిరేకుల మీద తిరుమల భాండాగారంలో నిలిచాయి. ప్రతి పాట మీదా రాగం పేరు ఉంది. బాణీ లేదు. అమరసింధు, కొండమలహరి వంటి పేర్లు ఇవాళ ఎలా పాడాలో తెలిసిన పరంపర లేదు. తెలిసిన పేర్లయినా నమ్మడానికి లేదు. విజయనగరం అళియ రామరాయల కాలంలో రామామాత్యుడు 1550లో రాసిన ‘స్వరమేళకళానిధి’లో ముఖారి అన్నది ఇప్పటి కనకాంగికి దగ్గరి స్వరాల మేళం. ఇప్పుడు మనం ముఖారి అని పాడుతున్నది వేరే. పేరు నిలిచింది, నాదం మారింది. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ మొదలుకొని నేదునూరి కృష్ణమూర్తి, గరిమెళ్ల బాలకృష్ణప్రసాద్ దాకా ఈ సంకీర్తనలకి బాణీలు కట్టి ప్రాణం పోశారు. అవి గొప్ప సృష్టి. అన్నమయ్య పాడిన బాణీలు మాత్రం కావు. అవి ఎవరు కట్టినవో ప్రతి కచేరీలోనూ పేరుతో చెప్పడం ఆ విద్వాంసులకి దక్కవలసిన గౌరవం.

అయితే పాత తెలుగు ధ్వని పూర్తిగా పోలేదు. దాన్ని తిరిగి వినిపించిన పరికరం భాషాశాస్త్రం. బండి ఱ మన అక్షరమాలలో చివరలో మిగిలింది, నోట్లో మామూలు ర అయిపోయింది. ఒకప్పుడు అవి రెండు వేరు శబ్దాలని ఎలా తెలుసు? పాత కవులు ఆ రెండిటినీ ప్రాసలో కలపలేదు. 17వ శతాబ్దంలో అప్పకవి ఏ మాటలో ఏ రకారమో పట్టికలు ఇవ్వవలసి వచ్చిందంటే అప్పటికే చెవికి తేడా పోయిందన్నమాట. పద్యం ప్రాసలో ఉచ్చారణ రికార్డయి ఉంది. భద్రిరాజు కృష్ణమూర్తి (1928–2012) ఇంకా ముందుకి వెళ్లారు. అరకు ప్రాంతంలో కొండ భాష, కూబి అని కూడా అంటారు, మాట్లాడేవాళ్ల మధ్య తిరిగి, 1969లో ఆ భాష వ్యాకరణం ప్రచురించారు. ఆ భాషలో ఆ రెండు రకారాలూ నేటికీ వేరువేరుగా పలుకుతున్నాయి. కడప జిల్లా కలమళ్ల శాసనం నాటికి, అంటే ఆరో శతాబ్దం చివరి పాదానికి, తెలుగు రాతలో ఉన్న మరో పాత అక్షరం మన మాటల్లో చాలాచోట్ల డకారంగా మారింది. మన ఏడు, కోడి అన్న మాటల్లో ఆ పాత ధ్వనిని తమిళులు ఇప్పటికీ నాలుక మడిచి పలుకుతున్నారు. వెయ్యేళ్ల కిందటి తెలుగు నోరు వినాలంటే అరకు సంతలో, చెన్నై బస్సులో చెవి పెట్టాలి. కాలయంత్రం గురించి నేను విన్న కల్పనలన్నిటి కన్నా ఇది నాకు పెద్ద విషయం. ఇది నిజం కాబట్టి.

చివరిగా, ఇప్పుడు బజారులోకి వచ్చిన యంత్రం. పోయినవాళ్ల గొంతుని కృత్రిమ మేధతో మళ్లీ పాడించడం మొదలైంది. 2024లో ‘లాల్ సలామ్’ సినిమాకి ఎ.ఆర్. రెహమాన్ దివంగత గాయకులు బంబా బాక్యా, షాహుల్ హమీద్ గొంతుల్ని కుటుంబాల అనుమతితో, పారితోషికమిచ్చి వాడారు. అదే ఏడాది జనవరిలో, 2023 నాటి ‘కీడా కోలా’ సినిమాలో తన తండ్రి ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం గొంతుని అనుమతి లేకుండా పుట్టించారంటూ ఎస్.పి. చరణ్ లీగల్ నోటీసు పంపారు. కుటుంబం అనుమతి మొదటి షరతు, అందులో సందేహం లేదు. అనుమతి ఉన్నా ఇంకో మాట చెప్పాలి. బాలు ఎన్నడూ పాడని పాటని బాలు గొంతుతో పాడించడం గతాన్ని వినడం కాదు. మసి గీతలోంచి స్కాట్‌ని వినడం వేరు, స్కాట్ ఇలా పాడి ఉండేవాడని తయారుచేయడం వేరు. తయారుచేసినదాని మీద తయారుచేసినదని తెర మీద రాయాలి. డబ్బింగ్ మీదా కోరస్ మీదా బతికే కృష్ణానగర్ గొంతులకి ఈ యంత్రం రేపు పోటీగా వస్తుంది గనక, వాళ్ల సంఘాలు ఒప్పందాల్లో ఈ మాట ఇవాళే రాయించుకోవాలి.

యూసుఫ్‌గూడ, కృష్ణానగర్ ప్రాంతంలోనే ఒక ధ్వని భాండాగారం పెట్టాలని నా కోరిక. సినీ సంఘాలూ, తెలుగు విశ్వవిద్యాలయం, ఆకాశవాణి కలిస్తే అది పెద్ద ఖర్చుతో కూడిన పని కాదు. డబ్బింగ్ కళాకారులు, ట్రాక్ గాయకులు, ఎఫెక్ట్స్ చేసినవాళ్లు తమ పని గురించి తమ గొంతుతో చెప్పిన మాటలు అందులో ముందుగా చేరాలి.

అది ఏర్పడేదాకా ఆగకండి. మీ ఇంట్లో అటక మీద బుర్రకథో, పెళ్లి పాటో, తాతగారి మాటలో ఉన్న క్యాసెట్టు ఉంటే ఎండకీ తేమకీ దూరంగా తీసి పెట్టండి. బూజు పట్టినదాన్ని ఇంట్లో తిప్పి చూడొద్దు, ఈ పని తెలిసినవాళ్లకి ఇవ్వండి. కుదించని ఫైలుగా ఎక్కించి రెండు చోట్ల దాచండి. మాట్లాడింది ఎవరో, ఏ ఊరో, ఏ ఏడో పక్కన రాయండి. ఇంట్లో పెద్దవాళ్లుంటే వాళ్ల చిన్ననాటి ఊరి గురించి ఒక గంట మాట్లాడించి ఫోనులో రికార్డు చేయండి. ఈ వారమే చేయండి.